నల్లమలలో సిగ్నల్ పోయినా పాట ఆగకూడదంటే ఇంట్లో చేసుకోవాల్సిన పని

చెల్లెమ్మా, ముందు మీ ప్రశ్నను నా మాటల్లో చెప్తాను. కార్తీక సోమవారానికి అమ్మను, నాయనను కర్నూలు నుంచి శ్రీశైలం బస్సులో తీసుకెళ్తున్నారు. పాటల యాప్‌కు నెలనెలా డబ్బు కడుతున్నారు, పాటలు డౌన్‌లోడ్ కూడా చేశారు. అయినా పోయినసారి ఆత్మకూరు దాటి అడవిలోకి పోగానే సగం పాటలు ఆగిపోయాయి. అమ్మకు శివుడి పాటలు కావాలి. నాయనకు నాటకం పద్యాలు కావాలి, ఆయనది కీప్యాడ్ ఫోను. ఇంకో కంపెనీ సిమ్ తీసుకోవాలా, పెద్ద డేటా ప్యాక్ వేయించాలా అని అడిగారు.

సిమ్మూ వద్దు, ప్యాకూ వద్దు. టవర్ అందని చోట ఎంత డేటా ఉన్నా ఒకటే. బైర్లూటి చెక్‌పోస్టు దాటాక దోర్నాల దాకా, మళ్ళీ దోర్నాలలో ఘాట్ ఎక్కితే సున్నిపెంట చేరేదాకా, ఏ సిమ్‌కైనా సిగ్నల్ వస్తూ పోతూ ఉంటుంది. చాలాచోట్ల అసలు ఉండదు. ఈ మాట ధైర్యంగా చెప్తున్నానంటే కారణం నా పని. మందుల డిస్ట్రిబ్యూటర్ దగ్గర సేల్స్ చూస్తాను. పదకొండేళ్ళుగా వారంలో ఒక రోజు ఆత్మకూరు, దోర్నాల, మార్కాపురం లైను. ఇంకో రోజు నంద్యాల నుంచి గిద్దలూరుకు రైలు. ఆ రైలు కూడా గాజులపల్లి దాటాక దిగువమెట్ట దాకా అడవిలోనే పోతుంది. ఈ రెండు దార్లలో పాట లేకుండా కూర్చున్న రోజులు నాకు చాలానే ఉన్నాయి. ఎందుకు ఆగిందో ఒక్కొక్కటే తెలుసుకుంటూ వచ్చాను.

అన్నిటికన్నా ముందు ఒక సంగతి మనసులో పెట్టుకోండి. యాప్‌లో డౌన్‌లోడ్ చేసిన పాట మీరు కొనుక్కున్న పాట కాదు, కౌలుకు తీసుకున్న చేను లాంటిది. ఫైలు మీ ఫోన్‌లోనే ఉంటుంది కానీ దానికి తాళం వేసి ఉంటుంది, ఆ తాళం యాప్ చేతిలో ఉంటుంది. మీ కౌలు ఇంకా నడుస్తోందా అని యాప్ అప్పుడప్పుడు నెట్‌లో చూసుకుంటుంది. చూసుకోవడానికి దారి లేకపోతే కొన్నాళ్ళు ఊరుకుని, ఆ తర్వాత తలుపు మూసేస్తుంది. ఇది తెలిస్తే మిగతా చిక్కులన్నీ వాటంతట అవే అర్థమవుతాయి.

ఇక మీకు సగం పాటలే ఎందుకు పాడాయో చూద్దాం. నాకు తోచిన మొదటి కారణం, ఆ మిగతా సగం అసలు డౌన్‌లోడ్ కాలేదు. పాటను లిస్టులో చేర్చుకోవడం వేరు, ఫోన్‌లోకి దించుకోవడం వేరు. స్పాటిఫైలో పాట పక్కన ఆకుపచ్చ టిక్ కనిపిస్తే ఆ పాట మీ లిస్టులో ఉందని మాత్రమే అర్థం. కిందికి చూపించే ఆకుపచ్చ బాణం ఉంటేనే ఫోన్‌లో ఉన్నట్టు. రెండూ ఒకే రంగు కాబట్టి చాలామంది పొరబడతారు. యూట్యూబ్ మ్యూజిక్ వాడితే లైబ్రరీలోకి పోయి డౌన్‌లోడ్స్ అన్న చోట చూడండి. అక్కడ లేని పాట అడవిలో ఉండదు.

మన ఇళ్ళలో ఇది ఎక్కువగా జరగడానికి ఇంకో కారణం ఉంది. ఈ యాప్‌లలో చాలావాటికి మామూలుగా ఉండే సెట్టింగు, వైఫై ఉంటేనే డౌన్‌లోడ్ చేయమని. హైదరాబాదులోనో బెంగళూరులోనో ఇంట్లో వైఫై ఉన్నవాళ్ళకు దాని సంగతే తెలియదు. మన దగ్గర చాలా ఇళ్ళలో ఫోన్ డేటాయే నెట్టు. డౌన్‌లోడ్ బటన్ నొక్కుతాం, గుర్తు తిరుగుతున్నట్టు కనిపిస్తుంది, అయిపోయిందనుకుని జేబులో పెట్టేస్తాం. అది మాత్రం వైఫై కోసం ఎదురుచూస్తూ అక్కడే ఆగి ఉంటుంది. సెట్టింగ్స్‌లో మొబైల్ డేటాతో డౌన్‌లోడ్ చేయడానికి అనుమతించే చోటు ఉంటుంది, దాన్ని ఆన్ చేయండి. పని అయ్యాక మళ్ళీ ఆఫ్ చేసుకోవచ్చు.

డౌన్‌లోడ్ అవుతున్నంతసేపూ ఫోన్‌ను ఛార్జింగ్‌లో పెట్టి, యాప్ తెరిచే ఉంచండి. బ్యాటరీ మిగిల్చే సెట్టింగు ఆన్‌లో ఉంటే కొన్ని ఫోన్లు వెనకాల నడిచే యాప్‌ను కాసేపటికి ఆపేస్తాయి. ఫోన్‌లో చోటు కూడా చూసుకోండి. పెద్దవాళ్ళ ఫోన్లలో వాట్సాప్ ఫోటోలు, వీడియోలే సగం చోటు తినేస్తాయి. చోటు నిండిపోతే డౌన్‌లోడ్ మధ్యలోనే నిలిచిపోతుంది.

ఎంత డేటా పడుతుందో లెక్క చెప్తాను, టెన్షన్ పోతుంది. పాట నాణ్యతను సెకనుకు ఇన్ని కిలోబిట్లు అని కొలుస్తారు. ఎనిమిది బిట్లు కలిస్తే ఒక బైటు. 160 కిలోబిట్ల పాటకు సెకనుకు 20 కిలోబైట్లు, నిమిషానికి 1.2 ఎంబీ పడుతుంది. అంటే ఐదు నిమిషాల పాటకు 6 ఎంబీ. అదే పాట 320లో అయితే 12 ఎంబీ. కర్నూలు నుంచి శ్రీశైలానికి నందికొట్కూరు, ఆత్మకూరు, దోర్నాల మీదుగా దాదాపు 180 కిలోమీటర్లు, బస్సులో ఐదు గంటలు వేసుకోండి. ఐదు గంటలకు ఐదు నిమిషాల పాటలు అరవై. 160లో మొత్తం 360 ఎంబీ. కార్తీక సోమవారం రద్దీకి ఘాట్‌లో బండ్లు నిలిచిపోతాయి కాబట్టి వంద పాటలు పెట్టుకున్నా 600 ఎంబీ. రోజుకు 1.5 జీబీ ప్యాక్ ఉన్నవాళ్ళకు ఒక్క రాత్రిలో అయిపోతుంది.

నాణ్యత 160 చాలు. బస్సు ఇంజను హోరులో, కిటికీ గాలిలో, 160కీ 320కీ తేడా నా చెవికి ఎప్పుడూ తెలియలేదు. ఇప్పుడు నష్టం లేని ఆడియో (లాస్‌లెస్) అని ఇంకా పెద్ద ఫైళ్ళు కూడా ఇస్తున్నారు. ఇంట్లో మంచి హెడ్‌ఫోన్ పెట్టుకుని, తలుపు వేసుకుని వినేవాళ్ళకు అది సుఖమే. ప్రయాణానికి మాత్రం చోటు దండగ, డేటా దండగ.

ఇప్పుడు చాలామందికి తెలియని విషయం ఒకటి. పాట ఆగేది సిగ్నల్ పూర్తిగా పోయినచోట కాదు, ఒక్క గీత ఉన్నచోట. సిగ్నల్ అసలు లేకపోతే యాప్‌కు స్పష్టంగా తెలుస్తుంది, ఫోన్‌లో ఉన్నదే పాడుతుంది. ఒక్క గీత వస్తూ పోతూ ఉంటే నెట్ ఉందనే అనుకుంటుంది. పాట బొమ్మ కోసమో, తర్వాతి పాట కోసమో, లాగిన్ సరిచూసుకోవడానికో సర్వర్‌ను అడుగుతూ కూర్చుంటుంది. జవాబు రాదు, చక్రం తిరుగుతూనే ఉంటుంది. డౌన్‌లోడ్ చేసిన పాట కూడా మొదలవకుండా నిలబడిపోవడం నేను రోళ్ళపెంట దగ్గర ఎన్నిసార్లు చూశానో. కడప నుంచి రాయచోటికి పోయేటప్పుడు గువ్వలచెరువు ఘాట్‌లోనూ ఇదే కథ.

దీనికి మందు ఏమిటంటే, అడవి రాకముందే మీరే నెట్ తెంచేయాలి. స్పాటిఫైలో ఆఫ్‌లైన్ మోడ్ అని ఉంటుంది, అది ఆన్ చేస్తే యాప్ బయటికి చూడదు. ఇంకా మంచిది ఫోన్ మొత్తాన్ని ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టడం. బ్లూటూత్ ఇయర్‌ఫోన్ వాడుతుంటే, ఏరోప్లేన్ మోడ్ వేశాక బ్లూటూత్‌ను మళ్ళీ విడిగా ఆన్ చేసుకోవచ్చు. ఫోన్ నుంచి చెవికి పాట చేరడానికి నెట్ అక్కర్లేదు. బ్యాటరీకి కూడా ఇది మేలు. సిగ్నల్ బలహీనంగా ఉన్నచోట ఫోన్ టవర్‌ను వెతుకుతూ, ఎక్కువ శక్తితో పిలుస్తూ ఉంటుంది. ఆ వెతుకులాటలో ఫోన్ వేడెక్కుతుంది, ఛార్జింగ్ కరిగిపోతుంది. ఏరోప్లేన్ మోడ్‌లో పాటలు మాత్రమే వింటుంటే బ్యాటరీ తగ్గినట్టే అనిపించదు. ఆత్మకూరు బస్టాండులో ఇంటికి ఒక ఫోన్ చేసి చెప్పి, మోడ్ మార్చేయండి. దోర్నాల ఊళ్ళోకి రాగానే ఒకసారి తీసి, ఏమైనా కాల్స్ ఉన్నాయా చూసుకుని మళ్ళీ పెట్టేయండి. ఒక్క ఫోన్‌నైనా మామూలుగా ఉంచాలనిపిస్తే ఏ ఫోన్‌లో పాటలు లేవో దాన్ని ఉంచండి.

ఇప్పుడు అమ్మ ఫోన్ గురించి. ఇది కొంచెం పెద్దగానే రాస్తాను, ఎందుకంటే ఇందులో నేను దెబ్బ తిన్నాను.

మూడేళ్ళ కింద మా అమ్మ ఫోన్‌లో నూట ఇరవై పాటలు దించి ఇచ్చాను. అన్నమయ్య కీర్తనలు, శివుడి మీద పాటలు, ఆమెకు చిన్నప్పటి నుంచి ఇష్టమైనవి. నెల రోజులు ఉదయం వంటింట్లో, సాయంత్రం అరుగు మీద హాయిగా విన్నది. తర్వాత శివరాత్రికి ముందు శ్రీశైలం బయల్దేరాం. అడవిలోకి పోగానే పాటలు పెట్టమంది. ఒక్కటీ పాడలేదు. అన్ని పేర్లూ బూడిద రంగులో కనిపిస్తున్నాయి, నొక్కితే కదలదు. నా వల్లే చెడిపోయిందేమో అని ఆమె అడిగింది. కాదమ్మా అని చెప్పాను గానీ, కారణం నాకూ తెలియదు. దోర్నాల వచ్చేదాకా ఫోన్ ఒడిలో పెట్టుకుని అలాగే కూర్చుంది. ఆ పూట నాకు ఇంకా గుర్తుంది.

ఇంటికి వచ్చాక తెలిసింది. స్పాటిఫై అయినా, యూట్యూబ్ మ్యూజిక్ అయినా డౌన్‌లోడ్ చేసిన ఫోన్ కనీసం 30 రోజులకు ఒకసారి నెట్‌కు తగలాలి. లేకపోతే పాటలు మూతపడతాయి. మనలాంటివాళ్ళకు ఈ గడువు ఉందని కూడా తెలియదు, మన ఫోన్ రోజంతా నెట్‌లోనే ఉంటుంది. మా అమ్మ మాత్రం డేటా అయిపోతుందని ఎప్పుడూ ఆఫ్ చేసే ఉంచుతుంది. నేను పాటలు దించి ఇచ్చిన రోజు తర్వాత ఆ ఫోన్ ఒక్కసారి కూడా నెట్ చూడలేదు. పెద్దవాళ్ళ ఫోన్లలో పాటలు ఆగిపోవడానికి ఇదే అసలు కారణమని నా నమ్మకం. యాప్ పాడైందనుకుంటారు, ఫోన్ పాతదైందనుకుంటారు, పిల్లలను అడగడానికి మొహమాటపడి ఊరుకుంటారు. మీ అమ్మకు కూడా డేటా ఆఫ్ చేసే అలవాటు ఉంటే ఈ గడువు సంగతి తప్పక చూసుకోండి.

అదే తలుపు మూసుకునే దారులు ఇంకా కొన్ని ఉన్నాయి. లాగౌట్ అయితే పాటలు పోతాయి. యాప్ తీసేసి మళ్ళీ వేసినా, సెట్టింగ్స్‌లో యాప్ డేటా చెరిపేసినా పోతాయి. ఫోన్‌ను శుభ్రం చేస్తామనే యాప్‌లు ఆ పనే చేస్తుంటాయి, అలాంటివి ఫోన్‌లో ఉంచుకోకండి. నెల డబ్బు కట్టడం ఆగితే డౌన్‌లోడ్ చేసినవి కూడా పాడవు, కాబట్టి ప్రయాణం మధ్యలో ప్లాన్ గడువు ముగుస్తుందేమో తేదీ చూసుకోండి. ఇంకోటి, ఒకే యాప్‌లో రకరకాల ప్లాన్లు ఉంటాయి. ప్రకటనలు లేకపోవడం ఒక సౌకర్యం, డౌన్‌లోడ్ ఇంకో సౌకర్యం. మీ ప్లాన్‌లో రెండోది ఉందో లేదో చదువుకోండి. స్పాటిఫైలో ఒక ఖాతా మీద ఐదు ఫోన్ల దాకా, ఒక్కో దానిలో 10,000 పాటల దాకా దించుకోవచ్చు. ఆరో ఫోన్‌లో దించితే, ఎక్కువ రోజులుగా వాడని ఫోన్‌లోని పాటలు తీసేస్తారు. ఇంటిల్లిపాదీ ఒకే ఖాతా వాడుతుంటే అమ్మ ఫోనే ఖాళీ అయ్యే ప్రమాదం ఉంది.

ఇవన్నీ గుర్తు పెట్టుకోవడం కష్టమనిపిస్తే ఒక్క పని చేయండి. బయల్దేరే ముందు రాత్రి, ఇంట్లోనే, ఫోన్‌ను ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టి, వైఫై కూడా ఆఫ్‌లో ఉందని చూసుకోండి. యాప్‌ను పూర్తిగా మూసి మళ్ళీ తెరవండి. లిస్టులో మొదట మూడు పాటలు, నడుమ మూడు, చివర మూడు, ఒక్కోటి పది సెకన్లు వినండి. మొదటి పాట ఒక్కటే చూసి సరిపెట్టుకోవద్దు, డౌన్‌లోడ్ ఆగిపోయేది ఎప్పుడూ చివర్లోనే. ఏది పాడకపోయినా ఇంట్లో ఉన్నారు, నెట్ ఉంది, సరిచేసుకోవచ్చు. నేను ఇప్పటికీ గిద్దలూరు రైలుకు ముందు రాత్రి ఇది చేస్తాను. రెండు నిమిషాల పని.

లిస్టు కూర్పు మీద కూడా ఒక మాట. దోర్నాల తర్వాత మలుపులు ఎక్కువ, ఫోన్ తెర చూస్తే చాలామందికి కడుపులో తిప్పుతుంది. కాబట్టి అమ్మ పాటలన్నీ ఒకే లిస్టులో, వినాల్సిన వరసలోనే పెట్టండి. లిస్టు అయిపోగానే యాప్ తనకు తోచిన పాటలు నెట్ నుంచి తేబోతుంది, నెట్ లేక ఊరుకుంటుంది. ఆటోప్లే ఆఫ్ చేసి, లిస్టు మళ్ళీ మొదటికి తిరిగేలా పెట్టండి. అప్పుడు ఫోన్‌ను సంచిలో వేసుకున్నా ఇబ్బంది లేదు.

ఇక నాయన. ఆయన కీప్యాడ్ ఫోన్‌లోకి మీ యాప్ పాటలు ఎక్కవు. తాళం వేసిన ఫైళ్ళని ముందే చెప్పాను కదా, మెమరీ కార్డులోకి కాపీ చేసినా వేరే ఫోన్ వాటిని చదవలేదు. కారులో పెన్‌డ్రైవ్‌కు కూడా అంతే. ఆయనకు కావాల్సింది మామూలు ఎంపీ3 ఫైళ్ళు. ఇంట్లో మీరు కొన్న పాత సీడీలు ఉంటే కంప్యూటర్‌లో పెట్టి ఎంపీ3గా మార్చుకోండి. మన సీమలో ఇంకో మంచి సంపద ఉంది. తిరునాళ్ళకు ఊళ్ళో రాత్రంతా ఆడే పౌరాణిక నాటకం. మా ఊరి నాటకాన్ని, పద్యం పాడేవాళ్ళను ముందే అడిగి, నేను ఫోన్‌లో రికార్డు చేసుకున్నాను. హార్మోనియం కొంచెం ఎక్కువ వినిపిస్తుంది, జనం ఈలలు కూడా పడ్డాయి. అయినా మా పెద్దాయనలకు ఆ రికార్డు ముందు ఏదీ ఆనదు. మీ నాయన ఊళ్ళో ఎవరి దగ్గరైనా అలాంటిది ఉంటుంది, అడిగి తెచ్చుకోండి. కార్డును ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ చేస్తే కీప్యాడ్ ఫోన్లు, కారు స్టీరియోలు చాలావరకు చదువుతాయి. ఎన్‌టీఎఫ్‌ఎస్ అనే ఇంకో పద్ధతి అయితే చాలావాటికి అర్థం కాదు. ఫార్మాట్ చేస్తే కార్డులో ఉన్నవన్నీ పోతాయి, ముందు కాపీ తీసుకోండి.

యాప్ పాటలను తాళం తీసి ఎంపీ3 చేసిస్తామని చెప్పే వెబ్‌సైట్లు బోలెడు. వాటి జోలికి పోవద్దు. అది పాట కట్టినవాళ్ళకు రావాల్సింది ఎగ్గొట్టడం. పైగా ఆ పేజీల్లో ఏ బటన్ నొక్కితే ఫోన్‌లోకి ఏం దిగుతుందో చెప్పలేం. అదే ఫోన్‌లో మీ బ్యాంకు యాప్ కూడా ఉంది.

ఎన్నాళ్ళైనా పోగొట్టుకోకూడదనిపించే పాటలు కొన్ని ఉంటే, వాటిని యాప్ మీద మాత్రమే వదిలేయకండి. 2024లో వింక్ మ్యూజిక్ యాప్ మూతపడింది. యాప్ పోతే దానిలో పేర్చుకున్న లిస్టులూ దానితోనే పోతాయి. ఇంట్లో అవ్వ పాడిన పాట, పెళ్ళిలో పాడిన మంగళహారతి లాంటివి సొంత ఫైళ్ళుగా రెండు చోట్ల దాచుకోండి.

డబ్బు కట్టని ఖాతా ఉన్నవాళ్ళకు కూడా ఒక దారి ఉంది. స్పాటిఫైలో పాటలు డౌన్‌లోడ్ చేయడానికి ప్లాన్ కావాలి గానీ, పాడ్‌కాస్టులు ఉచిత ఖాతాలోనూ డౌన్‌లోడ్ అవుతాయి. ప్రవచనాలు, కథలు ఇష్టపడేవాళ్ళకు ఐదు గంటలు సులువుగా గడుస్తాయి.

ఇయర్‌ఫోన్ వైరుదే తీసుకోండి, పెద్దవాళ్ళకు చెవిలోంచి జారిపోయినా పోదు, ఛార్జింగ్ అక్కర్లేదు. చెవిలో సరిగ్గా కూర్చునేది ఎంచుకుంటే ఇంజను హోరు తగ్గి, సౌండ్ పెంచే అవసరం ఉండదు. బస్సులో స్పీకరు మీద మాత్రం పెట్టొద్దు. తెల్లవారుజామున బయల్దేరినవాళ్ళు చాలామంది నిద్రపోతుంటారు.

చివరిగా, తిరిగి వచ్చాక అమ్మ ఫోన్ 30 రోజుల గడువు సంగతి. తేదీలు గుర్తుపెట్టుకోమంటే మా అమ్మ గుర్తుపెట్టుకోలేదు. కానీ అమావాస్య, పౌర్ణమి ఆమె ఎప్పుడూ మరిచిపోదు. అమావాస్య నుంచి అమావాస్యకు ఇరవై తొమ్మిదిన్నర రోజులు, అంటే గడువుకు అర రోజు ముందు. అది మరీ అంచు మీద ఉంటుందని రెండు రోజులూ చెప్పాను. అమావాస్య నాడు, పౌర్ణమి నాడు దీపం పెట్టాక డేటా ఆన్ చేసి, యాప్ తెరిచి, ఒక పాట పూర్తిగా విని, మళ్ళీ ఆఫ్ చేస్తుంది. రెండేళ్ళుగా ఆమె పాటలు ఒక్కసారీ ఆగలేదు.